దూరవిద్య డిగ్రీతో నర్సులకు ప్రమోషన్ వస్తుందా? అపోహలు - వాస్తవాలు

జీఎన్ఎం (జనరల్ నర్సింగ్ అండ్ మిడ్‌వైఫరీ డిప్లొమా) చేసి ఉద్యోగంలో చేరిన నాలుగైదేళ్లకు పైచదువు మీద మనసు పోతుంది. నైట్ డ్యూటీలు, ఇల్లు, పిల్లల మధ్య కాలేజీకి వెళ్లే వీలుండదు. అందుకే 'దూరవిద్య' అన్న మాట చెవిన పడగానే ఆశ పుడుతుంది. ఆ ఆశ చుట్టూ వార్డుల్లో తిరిగే మాటల్లో నిజమెంతో చూద్దాం.

అపోహ: యూజీసీ (విశ్వవిద్యాలయ నిధుల సంఘం) గుర్తింపు ఉంటే చాలు, ఏ డిగ్రీ అయినా చెల్లుతుంది.

వాస్తవం: బీఏ, బీకాంలకైతే ఈ మాట చాలావరకు సరిపోతుంది. గుర్తింపున్న దూరవిద్య డిగ్రీ రెగ్యులర్ డిగ్రీతో సమానమని యూజీసీ 2020 నిబంధనలే చెబుతున్నాయి. నర్సింగ్‌లో అది చాలదు, మూడు చోట్ల సరిపోవాలి. ఆ కోర్సును దూరవిద్యలో నడపడానికి యూనివర్సిటీకి యూజీసీ దూరవిద్య విభాగం అనుమతి ఉండాలి. కోర్సును ఇండియన్ నర్సింగ్ కౌన్సిల్ గుర్తించాలి. మీ శాఖ సర్వీస్ రూల్స్‌లో ఆ పోస్టుకు ఆ అర్హత రాసి ఉండాలి. 'యూజీసీ అప్రూవ్డ్' అని కరపత్రంలో కనిపించేది చాలాసార్లు యూనివర్సిటీకి ఉన్న గుర్తింపే, కోర్సుకు ఉన్నది కాదు. మీరు చేరే సెషన్‌కు మీ కోర్సు పేరు అనుమతుల జాబితాలో ఉందో లేదో యూజీసీ వెబ్‌సైట్‌లో చూసి, ఆ పేజీని ప్రింట్ తీసి దాచుకోండి. పదేళ్ల తర్వాత ఎవరైనా అడిగితే అదే ఆధారం.

అపోహ: బీఎస్సీ, ఎమ్మెస్సీ నర్సింగ్ ఆన్‌లైన్లో చేయొచ్చు.

వాస్తవం: కుదరదు. ఎమ్మెస్సీ నర్సింగ్ రెండేళ్ల పూర్తికాలం కోర్సు. చేరాలంటేనే బీఎస్సీలో గానీ పోస్ట్ బేసిక్‌లో (జీఎన్ఎం తర్వాత చేసే బీఎస్సీ నర్సింగ్) గానీ 55 శాతం మార్కులు, ఏడాది అనుభవం కావాలి.

అపోహ: అయితే దూరవిద్యలో వచ్చిన నర్సింగ్ డిగ్రీ ఏదీ చెల్లదన్నమాట.

వాస్తవం: ఇది కూడా తప్పే. ఉద్యోగంలో ఉన్న నర్సుల కోసం ఇగ్నో (ఇందిరా గాంధీ జాతీయ సార్వత్రిక విశ్వవిద్యాలయం) 1994లో పోస్ట్ బేసిక్ బీఎస్సీ మొదలుపెట్టింది. నర్సింగ్ కౌన్సిల్ గుర్తింపుతో నడిచిన కోర్సు అది. ఇంటర్ తర్వాత జీఎన్ఎం చేసినవాళ్లకు రిజిస్ట్రేషన్ అయ్యాక 2 ఏళ్ల అనుభవం, పదో తరగతితో చేసినవాళ్లకు 5 ఏళ్ల అనుభవం అడుగుతారు. మిడ్‌వైఫరీ (ప్రసూతి సేవల శిక్షణ) లేని బ్రదర్లకు, అంటే మగ నర్సులకు, దాని బదులు కౌన్సిల్ ఆమోదించిన 6 నుంచి 9 నెలల కోర్సు సర్టిఫికెట్ ఉండాలి. ప్రవేశ పరీక్ష ఉంటుంది. రెగ్యులర్‌గా అయితే 2 ఏళ్లలో అయిపోయే కోర్సుకు ఇక్కడ కనీసం 3 ఏళ్లు పడుతుంది, గరిష్ఠ గడువు కూడా ఉంటుంది.

ఇందులో దెబ్బతినేది ఎక్కువగా ప్రాక్టికల్స్ దగ్గర. థియరీ ఇంట్లో చదివి గట్టెక్కుతారు, ప్రాక్టికల్ సెషన్ల తేదీలకు సెలవు దొరక్క వాయిదా వేస్తూ పోతారు. చూస్తుండగానే గడువు దగ్గర పడుతుంది. చేరకముందే సూపరింటెండెంట్‌తో మాట్లాడి డ్యూటీ రోస్టర్ సర్దుబాటు చేయించుకోవాలి.

అపోహ: పక్క రాష్ట్రపు కాలేజీలో 'నాన్ అటెండింగ్' (తరగతులకు వెళ్లనక్కర్లేని) సీటు తీసుకుంటే రెగ్యులర్ సర్టిఫికెటే వస్తుంది, ఎవరికీ తెలియదు.

వాస్తవం: దూరవిద్య కంటే ప్రమాదమైనది ఇదే. సర్టిఫికెట్ అసలుదే కావచ్చు, పట్టించేది తేదీలు. రెండేళ్లు రోజూ కాలేజీకి వచ్చినట్టు అక్కడ హాజరు ఉంటుంది. అవే రెండేళ్లకు ఇక్కడ ఆసుపత్రి మస్టర్లో (హాజరు పట్టీలో) సంతకాలు, జీతం బిల్లులు ఉంటాయి. స్టడీ లీవ్ మంజూరు ఉత్తర్వు మాత్రం ఉండదు. రెండు కాగితాలు పక్కపక్కన పెడితే చాలు, గుమస్తాకైనా తెలిసిపోతుంది. ప్రమోషన్ పోవడంతో ఆగదు, క్రమశిక్షణ చర్య దాకా వెళ్తుంది. ప్రైవేటు ఆసుపత్రుల్లో పనిచేసేవాళ్లకూ ఇదే చిక్కు: కోర్సు కాలంలో ఉద్యోగ అనుభవం చూపితే ఆ రెండింట్లో ఏదో ఒకటి అబద్ధమని తేలుతుంది.

అపోహ: డిగ్రీ ఉంటే సీనియర్లను దాటి హెడ్ నర్స్ కావచ్చు.

వాస్తవం: డిగ్రీ సీనియారిటీని మార్చదు. స్టాఫ్ నర్స్ నుంచి హెడ్ నర్స్ మెట్టు ఎక్కించేది ప్రధానంగా సీనియారిటీ జాబితా. డిగ్రీ అవసరం గట్టిగా కనిపించేది బోధన వైపు: ట్యూటర్‌కు బీఎస్సీ గానీ పోస్ట్ బేసిక్ గానీ, ఆపై పోస్టులకు ఎమ్మెస్సీ. దూరవిద్యలో చేసిన హాస్పిటల్ మేనేజ్‌మెంట్ ఎంబీఏ కార్పొరేట్ ఆసుపత్రుల్లో పనికొస్తుంది. ప్రభుత్వంలో మాత్రం రూల్స్‌లో ఆ పేరు లేకపోతే దాన్ని అదనపు చదువుగానే చూస్తారు.

అపోహ: పాసైతే చాలు, మిగతాది ఆఫీసే చూసుకుంటుంది.

వాస్తవం: ఆఫీసు దానంతట అది ఏమీ చూడదు. కోర్సులో చేరేముందే శాఖ అనుమతి రాతపూర్వకంగా తీసుకోవాలి. పాసయ్యాక రాష్ట్ర నర్సింగ్ కౌన్సిల్లో అదనపు అర్హతగా నమోదు చేయించుకుని, ఆ కాపీతో సర్వీస్ రిజిస్టర్లో ఎంట్రీ వేయమని అర్జీ పెట్టాలి. ఎంట్రీ పడ్డాక సంతకం ఉందో లేదో కళ్లారా చూసుకోవాలి.

తేదీ కూడా ముఖ్యమే. రెండు తెలుగు రాష్ట్రాల్లోనూ మూలంగా ఉన్న 1996 స్టేట్ అండ్ సబార్డినేట్ సర్వీస్ రూల్స్ ప్రకారం ప్రమోషన్ ప్యానెల్ (ప్రమోషన్‌కు అర్హుల జాబితా) ఏడాది సెప్టెంబర్ 1న మొదలై ఆగస్టు 31తో ముగుస్తుంది, అర్హతలు చూసేదీ సెప్టెంబర్ 1 నాటికే. ఫలితం ఆ తేదీ దాటి వస్తే వచ్చే ఏటి ప్యానెల్ దాకా ఆగాల్సి రావచ్చు. కాన్వొకేషన్ పట్టా కోసం కూర్చోకుండా ప్రొవిజనల్, మార్కుల జాబితాలు చేతికి రాగానే అర్జీ ఇచ్చి, రసీదు మీద ఇన్‌వార్డ్ నంబర్ వేయించుకోండి.