గుమ్మటం లేని వేధశాల

హన్మకొండలో మా దోస్తులు కొందరు ఒక ఊహా రాజ్యాన్ని అల్లుతున్నారు. మంత్రాలు, రాక్షసులు, ఇద్దరు చంద్రులు ఉన్న బోర్డు గేమ్ అది. పోలికలు మాత్రం కాకతీయుల కాలానివి. అందులో కొండమీద ఓ ప్రాచీన వేధశాల, అంటే నక్షత్రాలు, గ్రహాలు చూసే కట్టడం ఉంది. బొమ్మ గీసినతను దానికి గుమ్మటం పెట్టి, పొడుగాటి టెలిస్కోప్ బయటికి తీశాడు. లొల్లి అక్కడ మొదలైంది. ఫాంటసీలో ఏదైనా నడుస్తుందని ఒకరు, కాలానికి తగ్గట్టు ఉండాలని ఇంకొకరు. నేను రెండో పక్షం.

టెలిస్కోప్ సంగతి లోకానికి తెలిసింది 1608లో, హాలండ్‌లో. ఓరుగల్లు కోట ఢిల్లీ సేనల చేతికి పోయింది 1323లో. అంటే మధ్యలో దాదాపు మూడు వందల ఏళ్లు. మరి అప్పటికి వేధశాలలే లేవా అంటే, భేషుగ్గా ఉన్నాయి. ఇరాన్‌లోని మరాఘాలో మంగోలు పాలకుడు హులగు అండతో ఖగోళ పండితుడు నసీరుద్దీన్ తూసీ 1259లో కట్టడం మొదలుపెట్టాడు. ఇక్కడ రుద్రమదేవి పట్టానికి వచ్చింది కూడా దాదాపు ఆ రోజుల్లోనే.

సమర్‌ఖండ్‌లో అక్కడి పాలకుడు ఉలుగ్ బేగ్ 1420లలో కట్టించింది ఇంకా పెద్దది. ఆకాశంలో ఎత్తు కొలవడానికి డిగ్రీలు గీసిన దాని రాతి చాపం వ్యాసార్ధం 40 మీటర్ల దాకా ఉంటుంది. భూమిలోకి దిగిన భాగం ఇప్పటికీ చూడొచ్చు. అంత పెద్దది ఎందుకంటే లెక్క సులువే. 40 మీటర్ల వ్యాసార్ధంలో ఒక డిగ్రీ 70 సెంటీమీటర్ల పొడవు వస్తుంది. డిగ్రీలో అరవయ్యో వంతుకు కూడా సెంటీమీటరుకు పైనే జాగా దొరుకుతుంది, గీత గీయొచ్చు. టెలిస్కోప్ అద్దాలు లేనప్పుడు సైజే దిక్కు. గుమ్మటం కన్నా మెట్లతో భూమిలోకి దిగే ఈ చాపమే బొమ్మకు అందమని నా అభిప్రాయం.

రాజులు ఇంత ఖర్చు ఎందుకు పెట్టారంటే, నక్షత్రాల మీద ప్రేమ ఒక్కటే కాదు. పంచాంగం కావాలి, ముహూర్తం కావాలి, గ్రహణం ముందే తెలియాలి. వేయి స్తంభాల గుడి శాసనంలో శక 1084, చిత్రభాను సంవత్సరం, మాఘ శుద్ధ త్రయోదశి, శనివారం అని ఉంది. మన లెక్కలో 1163 జనవరి. దానం చేసినా గుడి కట్టినా తిథి చెక్కాల్సిందే కాబట్టి, ఎవరో ఒకరు రోజూ లెక్క చూస్తూనే ఉండాలి.

ఆ లెక్కకు మన దగ్గర పనిముట్టు గడియ కుడుక. అడుగున సన్నని రంధ్రం ఉన్న రాగి గిన్నెను నీళ్ల గంగాళంలో వదిలితే, మెల్లగా నిండి 24 నిమిషాలకు బుడుంగున మునుగుతుంది. వెంటనే గంట కొట్టి, గిన్నె తీసి మళ్లీ వదలాలి. రాత్రంతా ఇదే పని. కునుకు తీస్తే రాజ్యం టైమే తప్పుతుంది. గేమ్‌లో మంత్రగాడికన్నా ఈ కాపలా మనిషే నాకు నచ్చే పాత్ర. ఇంకోటి, ఓరుగల్లు 18 డిగ్రీల అక్షాంశం దగ్గర ఉంది కనుక మే నెలలో ఒకసారి, జులై-ఆగస్టు సంధిలో ఒకసారి మిట్టమధ్యాహ్నం నిలువు స్తంభానికి నీడే ఉండదు. వేధశాల ముంగిట్లో ఒక శంకువు, అంటే నీడ చూసే నిలువు కర్ర, నాటితే చాలు, మంత్రం అక్కర్లేదు.

ఇక ఆటలో ఈ వేధశాల శిథిలం ఎందుకైంది? మావాళ్లు డ్రాగన్ కాల్చిందని రాశారు. అసలు చరిత్రలో డ్రాగన్ పని మనుషులే చేశారు. ఉలుగ్ బేగ్ 1449లో హత్యకు గురయ్యాక సమర్‌ఖండ్ వేధశాల మూలపడింది. ఇస్తాంబుల్‌లో ఖగోళ పండితుడు తకీ అల్-దీన్ 1577లో నిలబెట్టినదాన్ని సుల్తాను 1580లో కూల్చేయించాడు. అండ ఇచ్చే చెయ్యి పోతే కథ అంతే. హైదరాబాద్‌లో నవాబ్ జఫర్ జంగ్ 1901లో ఫిసల్‌బండలో పెట్టిన నిజామియా వేధశాల బతికిందంటే, ఆయన పోయాక 1908లో సర్కారు దాన్ని తీసుకోబట్టే. గుమ్మటం, 15 అంగుళాల టెలిస్కోప్ ఆ కాలానివి. ఆటకు రెండో భాగం రాస్తే అందులో పెట్టుకోవచ్చు.

గుమ్మటం తీసేయడానికి బొమ్మ గీసినతను ఒప్పుకున్నాడు. ఇప్పుడు కొత్త లొల్లి నడుస్తోంది: చంద్రులు ఇద్దరు కదా, ఏకాదశి ఏ చంద్రుడి లెక్కన ఉండాలి?