మాట లేని వేషం

పిల్లలూ,

మీలో ఒకమ్మాయి రాసిన ఉత్తరం ఇంకా నా బల్ల మీదే ఉంది. బడి వార్షికోత్సవం నాటకంలో ఆమెకు రాజుగారి వెనక నిలబడి వింజామర వీచే వేషం ఇచ్చారట. "ఒక్క మాట కూడా లేదు తాతయ్యా. అదీ ఒక వేషమేనా?" అని అడిగింది. ఒకచోట సిరా అలుక్కుపోయింది. ఎందుకో నేను అడగను.

నటన సంగతులు శాస్త్రం ప్రకారం చెప్పడం నాకు రాదు. ఒక మనిషి గురించి మాత్రం చెబుతాను. ఆమె పేరు మేరీ యూర్. 1933లో స్కాట్లండులోని గ్లాస్గో నగరంలో పుట్టింది. తండ్రి ఇంజినీరు. చదువుకోవడానికి ఇంగ్లండులోని యార్క్‌కు, మౌంట్ స్కూలుకు పంపారు. అది క్వేకర్ల బడి. క్వేకర్లు క్రైస్తవుల్లో ఒక శాఖ. అక్కడ వాళ్ళ ప్రార్థనంటే అందరూ కలిసి మౌనంగా కూర్చోవడమే. ఎవరికైనా లోపలినుంచి మాట పుడితే లేచి చెబుతారు, లేకపోతే లేదు. ముందు ముందు ఆమె చేసిన పనికి అక్కడే పునాది పడిందేమోనని నాకు అనిపిస్తుంది. ఇది నా ఊహే సుమా.

1951లో అదే ఊళ్ళో, కూలిపోయిన పాత మఠం గోడల మధ్య, దాదాపు 400 ఏళ్ళుగా ఆగిపోయిన బైబిలు నాటకాలను మళ్ళీ ఆడారు. అందులో మేరీ మాత వేషం ఈ బడిపిల్లకే దక్కింది. ఆ తర్వాత లండన్‌లో నటన నేర్చుకుంది. 1955 నాటికి పీటర్ బ్రూక్ దర్శకత్వంలో షేక్‌స్పియర్ నాటకం హామ్లెట్‌లో, హామ్లెట్ ప్రేమించిన ఒఫీలియాగా మాస్కో వెళ్ళి ఆడివచ్చింది. హామ్లెట్‌గా ఆడింది పాల్ స్కోఫీల్డ్. అప్పటికి ఆమెకు ఇరవై రెండేళ్ళు.

నేను చెప్పాలనుకున్నది మాత్రం ఆ మరుసటి ఏడాది సంగతి. 1956 మే 8న లండన్‌లోని రాయల్ కోర్ట్ అనే చిన్న థియేటర్లో "లుక్ బ్యాక్ ఇన్ యాంగర్" అనే నాటకం మొదలైంది. రాసినవాడు జాన్ ఆస్బర్న్. తెర లేవగానే కనిపించేది ఒక పేద అద్దె గది, ఆదివారం సాయంత్రం. ఇద్దరు మగవాళ్ళు కుర్చీల్లో పత్రికలు చదువుతుంటారు. మేరీ యూర్, ఆ నాటకంలో ఆలిసన్, భర్త చొక్కా ఒకటి తొడుక్కుని, ఇస్త్రీ బల్ల ముందు నిలబడి ఉంటుంది. పక్కన బట్టల కుప్ప. భర్త జిమ్మీ మొదలుపెడతాడు చూడండి, ఇక ఆపడు! ప్రభుత్వాన్ని తిడతాడు, అత్తగారిని తిడతాడు, పెళ్ళాన్ని తిడతాడు. రేడియోలో కచేరీ పెట్టి, మీ చప్పుళ్ళకు వినబడడం లేదని కట్టేస్తాడు. నాకైతే లేచి వెళ్ళి వాడి చెవి మెలిపెట్టాలనిపిస్తుంది. ఆమె మాత్రం ఇస్త్రీ చేస్తూనే ఉంటుంది. చొక్కా మడత పెడుతుంది, ఇంకోటి తీస్తుంది. అడపాదడపా ఒక పొడి మాట.

మా చిన్నప్పుడు ఇంట్లో గ్రైండరు లేదు. వంటింటి మూల రుబ్బురోలు. అమ్మ పొత్రం తిప్పేది, నేను ఎదురుగా గొంతుక్కూర్చుని పిండి తోసేవాణ్ణి. చూసేవాళ్ళకు పనంతా అమ్మదే. కానీ తోసే చెయ్యి లేకపోతే పప్పంతా రోటి అంచుల మీదికి ఎక్కి కూర్చుంటుంది, పొత్రం ఉత్త రాతిని గీకుతుంది. పొత్రం అటు ఒరిగిన క్షణంలో ఇటునుంచి వేళ్ళతో తోసి, అది మళ్ళీ వచ్చేలోపు చెయ్యి లాగేసుకోవాలి. తొందరపడితే వేళ్ళు నలుగుతాయి. నీళ్ళు చిలకరించే పని కూడా నాదే. నాలుగు చుక్కలు ఎక్కువైతే ఆ పూట గారెలు నూనె తాగేసేవి, ఇల్లంతా నన్ను చూసేది.

జిమ్మీ పొత్రం అనుకోండి. మేరీ యూర్ తోసే చెయ్యి. అతని కోపం ఒక చుట్టు తిరిగిన ప్రతిసారీ ఇస్త్రీపెట్టె ఎక్కడ ఆగాలో, ఎక్కడ ఇంకాస్త గట్టిగా ఒత్తాలో ఆమెకు తెలియాలి. ఆమె అనే ఆ పొడి మాటలే నీళ్ళచుక్కలు. రోలేమో రంగస్థలం. మరి పిండి? ప్రేక్షకులు కాబోలు. ఇంతటితో ఆపుతాను, లేకపోతే గారెలు ఎవరో కూడా చెప్పాల్సి వస్తుంది.

కొంతసేపటికి మగవాళ్ళు కొట్లాట ఆటలో ఇస్త్రీ బల్లను పడదోస్తారు, ఆమె చెయ్యి కాలుతుంది. అంతసేపూ మౌనంగా ఉన్న మనిషి మీద మన కళ్ళు ఉండబట్టే ఆ కాలడం మనకు తగులుతుంది.

ఆ నాటకంలో మనకు సంబంధించిన చిన్న ముక్క ఒకటుంది. ఆలిసన్ తండ్రి కర్నల్. 1914లో ఇంగ్లండు వదిలి మన దేశంలో సైన్యంలో పనిచేసి, 1947లో తిరిగి వెళ్ళినవాడు. ఇక్కడి స్టేషన్లో రైలు కదిలినప్పుడు తన ప్రపంచం ముగిసిపోయిందని తెలిసిందంటాడు. మన తాతలు మిఠాయిలు పంచుకున్న ఏడాది అది! కూతురు ఆయన మాట కూడా ఓపికగా వింటుంది. ఎదుటివాడు చెబుతుంటే వినడం ఎంత పనో ఈ తండ్రీకూతుళ్ళను చూస్తే తెలుస్తుంది. మీరు బడి కబుర్లు చెబుతుంటే ఫోను చూసుకునే పెద్దవాళ్ళకు ఈ పేరా చదివి వినిపించండి. నేను చెప్పమన్నానని చెప్పండి.

మేరీ యూర్ ఆ నాటకాన్ని న్యూయార్క్‌లోనూ ఆడింది. 1959లో అది సినిమాగా వచ్చినప్పుడు కూడా ఆలిసన్ ఆమే. అదే ఏడాది షేక్‌స్పియర్ పుట్టిన ఊరు స్ట్రాట్‌ఫర్డ్‌లో ఆయన నాటకం ఒథెల్లో ఆడారు; నల్లజాతి గాయకుడు, నటుడు పాల్ రోబ్సన్ ఒథెల్లోగా ఆడితే అతని భార్య డెస్డిమోనాగా ఆమె ఆడింది. "సన్స్ అండ్ లవర్స్" సినిమాకు ఆస్కార్ నామినేషన్ కూడా వచ్చింది. మొదట జాన్ ఆస్బర్న్‌ను, తర్వాత నటుడు రాబర్ట్ షాను పెళ్ళాడింది.

1971లో న్యూయార్క్‌లో హెరాల్డ్ పింటర్ నాటకం "ఓల్డ్ టైమ్స్"లో ఆమెకు వచ్చిన కేట్ వేషం చూడండి. భర్తా, పాత స్నేహితురాలూ కేట్ గురించి పోటీపడి జ్ఞాపకాలు చెప్పుకుంటుంటే, చాలాసేపు కేట్ వింటూ కూర్చుంటుంది. చిట్టచివర ఒక్కసారి నోరు విప్పి మాట్లాడుతుంది. ఆ తర్వాత మిగతా ఇద్దరికీ చెప్పడానికి ఏమీ మిగలదు.

1975 ఏప్రిల్ 3న, లండన్‌లో ఒక కొత్త నాటకం తొలి ప్రదర్శన అయిన కొద్ది గంటలకే మేరీ యూర్ చనిపోయింది. మద్యమూ నిద్రమాత్రలూ కలిసి ప్రాణం తీశాయి. నలభై రెండేళ్ళే. దాచకుండా చెబుతున్నాను, మీరు పెద్దవాళ్ళవుతున్నారు కనుక.

ఈసారి మీ ఊళ్ళో ఏ నాటకమైనా ఆడితే వెళ్ళండి. పద్యనాటకమైనా సరే, బడిపిల్లల నాటకమైనా సరే. రాగం తీస్తున్నవాణ్ణి కాసేపు వదిలేసి, పక్కన మాట లేకుండా నిలబడ్డవాళ్ళను చూడండి. ముఖం కంటే ముందు చేతులు చూడండి. వింటున్నవాళ్ళ చేతులు ఒక రకంగా ఉంటాయి, తన వంతు కోసం కాచుకున్నవాళ్ళ చేతులు ఇంకో రకంగా ఉంటాయి. తేడా ఏమిటో నాకు రాయండి.

మీ తాతయ్య