రాత్రి సీన్లు గళ్లుగళ్లుగా కనిపిస్తే టీవీ మార్చేయాలా?

వీడియో ఎన్‌కోడింగ్, అంటే వీడియోని కుదించి చిన్న ఫైల్‌గా మార్చడం, నా పని. కొత్త క్రైమ్ సిరీస్ ఏది వచ్చినా తెలిసినవాళ్ల నుంచి ఒకటే ఫోన్: "వానలో రాత్రి సీన్ అంతా గళ్లుగా ఉంది, టీవీ పోయిందా, 4కే కొనాలా?" టెన్షన్ పడకండి, డబ్బులు లోపల పెట్టుకోండి.

అపోహ: రిజల్యూషన్ (బొమ్మలోని పిక్సెళ్ల, అంటే చుక్కల సంఖ్య) తక్కువ కాబట్టే చీకటి సీన్లు పాడవుతాయి.

వాస్తవం: 480పీ అంటే పిక్సెళ్లు తక్కువ, అంతే. బొమ్మ కాస్త మెత్తగా ఉంటుంది, దూరంగా ఉన్న నంబర్ ప్లేటు చదవలేం. గళ్లు మాత్రం బిట్‌రేట్, అంటే వీడియోకి సెకనుకు దక్కే డేటా, చాలకపోవడం వల్ల వచ్చేవి. సెకనుకు ఇన్నే బిట్లు అని కట్టడి చేస్తే ఎన్‌కోడర్ ముందు కోత పెట్టేది పొగమంచుకీ, తడిసిన గోడకీ, మసక నీడకీ, అంటే సరిగ్గా క్రైమ్ డ్రామా ప్రాణం ఉన్నచోట. పైగా 8 బిట్ వీడియోలో వెలుగుకి 0 నుంచి 255 దాకా మెట్లున్నా, నలుపు నుంచి తెలుపు దాకా సాధారణంగా వాడేది 16 నుంచి 235 వరకే, చీకటి సీన్‌కి దక్కేవి అందులో అడుగున ఉన్న కొన్ని మెట్లే. టార్చిలైట్ వెలుగు చీకట్లోకి నున్నగా కరగకుండా వలయాలుగా కనిపించేది అందుకే. డీవీడీ చూడండి, 720 బై 480 మాత్రమే, కోడెక్ (వీడియోని కుదించే పద్ధతి) పాత ఎంపెగ్-2, కానీ వీడియోకి సెకనుకు 9.8 మెగాబిట్ల దాకా ఇవ్వొచ్చు. బిట్లు లేక చిక్కిపోయిన 1080పీ కంటే బాగా చేసిన డీవీడీలో నీడలు నాకు నయంగా కనిపిస్తాయి. నెట్ నీరసంగా ఉంటే పట్టుబట్టి 1080పీ పెట్టకండి. అదే బిట్‌రేట్‌లో 480పీ శుభ్రంగా ఉండొచ్చు.

గళ్లు కాకుండా నీడలన్నీ తారు పూసినట్టు నల్లగా ఉంటే అది వేరే కథ. మా బాబాయి లాప్‌టాప్‌ని హెచ్‌డీఎంఐతో టీవీకి కలిపి 480పీ ఫైల్ చూస్తూ, "ఒరేయ్, ఇందులో ఏం కనపడి చావట్లేదు, కొత్త టీవీ బుక్ చేస్తున్నా" అన్నాడు. "ఆగు బాబాయ్" అని వెళ్లి చూస్తే, లాప్‌టాప్ 0 నుంచి 255 దాకా పంపుతోంది, టీవీ ఏమో 16 కింద ఉన్నదంతా నలుపే అనుకుంటోంది. టీవీలో హెచ్‌డీఎంఐ బ్లాక్ లెవెల్‌ని ఫుల్‌కి మార్చి, గదిలో లైటు ఆర్పాను. కారు వెనక సీట్లో ఒక మనిషి కూర్చుని ఉన్నాడు. బాబాయి ఆ ఎపిసోడ్ అప్పటికే రెండుసార్లు చూశాడు.

ఇక మిగిలినవి. చాలా టీవీల్లో 'బ్రైట్‌నెస్' అంటే వెలుగు కాదు, నలుపు స్థాయి. అది పెంచితే నలుపు బూడిదై గళ్లు ఇంకా బయటపడతాయి. వివిడ్ మోడ్ తీసేసి సినిమా మోడ్ పెట్టండి. అప్‌స్కేలింగ్ (తక్కువ పిక్సెళ్ల బొమ్మని పెద్ద స్క్రీన్‌కి సాగదీయడం) పోయిన వివరాన్ని వెనక్కి తేదు, ఊహించి పూరిస్తుంది. సన్నటి ఇసుక చల్లినట్టుండే గ్రెయిన్ లోపం కాదు, చాలాసార్లు కావాలనే పెడతారు. చీకట్లో మసక బొమ్మ చూస్తే కళ్లు పోతాయా అని అడిగే అమ్మలకు: పోవు, మహా అయితే అలసిపోతాయి. అన్నీ సరిచేశాక కూడా హంతకుడి ముఖం కనపడకపోతే, బహుశా దర్శకుడు ఇంకా చూపించదలచుకోలేదేమో.