పీరియాడిక్ సినిమాల ప్రొడక్షన్ డిజైన్: అపోహలు - వాస్తవాలు

ప్రొడక్షన్ డిజైన్‌లోకి, అంటే సినిమాలో కనిపించే సెట్లు, వస్తువులు, రంగుల రూపం తీర్చే పనిలోకి రావాలనుకునేవాళ్లు చాలామంది పీరియాడిక్ సినిమా అంటే పాత వస్తువులు వెతికి తెచ్చి అందంగా పేర్చడమేనని అనుకుంటారు. మనకు పాతకాలంగా కనిపించేది, అందులో బతికిన మనుషులకు ఇవాళ్టి రోజు. ఈ ఒక్క సంగతి మరిచిపోయినప్పుడే సెట్ మ్యూజియంలా తయారవుతుంది. కింద రాసిన అపోహల్లో చాలావరకు ఆ మరుపు నుంచి వచ్చినవే.

అపోహ: పాతకాలం అంటే వెలిసిన రంగులు, పచ్చబడ్డ కాగితాలు.

అన్నిటికంటే ఎక్కువ నష్టం చేసేది ఇదే. కథలో ఒకాయనకి ఉత్తరం వస్తుంది. వారం క్రితం రాసిన ఉత్తరం. తెర మీద చూస్తే అంచులు చిరిగి, గోధుమరంగుకి తిరిగి ఉంటుంది. అది వందేళ్ల తర్వాత మన చేతికి దొరికిన ఉత్తరం, ఆయన చేతికి అందినది కాదు. ఆయనకి అందినప్పుడు కాగితం గట్టిగా, మడతలు పదునుగా, అక్షరాలు నల్లగా ఉండాలి. పూర్వం యూరప్‌లో ఎక్కువగా వాడిన మాచికాయ సిరా కాగితం మీద గాలి తగిలాక ముదిరి నల్లబడేది. గోధుమరంగులోకి దిగడానికి ఏళ్లు పట్టేది. ఇవాళ మనం ఆర్కైవ్‌లో చూసి ముచ్చటపడే రంగు ఆ తర్వాతి దశది.

గ్రీకు విగ్రహాల సంగతీ అంతే. మనకి తెల్లటి పాలరాయి మిగిలింది, చెక్కిన రోజుల్లో వాటికి రంగులు వేసేవారు.

బ్లాక్ అండ్ వైట్ ఫొటోలతో ఇంకా జాగ్రత్తగా ఉండాలి. 19వ శతాబ్దపు ఫొటో ప్లేట్లు నీలి కాంతికే బాగా స్పందించేవి. దాంతో నీలం దాదాపు తెల్లగా, ఎరుపు దాదాపు నల్లగా పడేది. ఫొటోలో నల్లగా కనిపించే కర్టెన్ నిజానికి ముదురు ఎరుపుది కావచ్చు. అందుకే ఫొటో ఒక్కటే చూసి రంగు తేల్చకూడదు. మిగిలిన గుడ్డముక్కలు, గోడ మీది పెయింట్ పొరలు, అప్పటి వ్యాపారుల కేటలాగులు, చనిపోయినవారి ఆస్తుల జాబితాలు పక్కన పెట్టుకుని సరిచూసుకోవాలి. రంగుకి తేదీ కూడా ఉంటుంది. 1856లో విలియం హెన్రీ పెర్కిన్ చేతిలో మొదటి కృత్రిమ ఊదా రంగు పుట్టింది. ఆ తర్వాతి దశాబ్దాల్లో బట్టల రంగుల తీరే మారిపోయింది. 1830ల కథలో పనిమనిషికి ఆ మెరిసే ఊదా చీటీగుడ్డ కట్టిస్తే తప్పే.

అపోహ: 1940 నాటి కథ అయితే ప్రతి వస్తువూ 1940దే కావాలి.

ఏ ఇల్లయినా చూడండి. తాత కుర్చీ ఉంటుంది, పెళ్లినాటి బీరువా ఉంటుంది, పోయిన నెల కొన్న దీపం ఉంటుంది. 1940లోని ఇంట్లో 1890 కూడా ఉండాలి. ఏది ఎవరు కొన్నారు, ఎప్పుడు కొన్నారు, ఏది కొనలేక పాతదాంతో సరిపెట్టుకున్నారు అని ప్రతి వస్తువు గురించీ అడుగుతాను. అన్నీ ఒకే ఏడాదివైతే ఆ కుటుంబానికి కొత్తగా డబ్బొచ్చిందని ప్రేక్షకుడికి చెప్పినట్టే. కథకి అదే కావాలంటే సరే.

వెనక్కి ఎంతైనా వెళ్లొచ్చు, ముందుకి మాత్రం ఒక్క అడుగు వేయకూడదు. దుకాణం బోర్డు మీద 1957లో వచ్చిన హెల్వెటికా ఫాంట్ అక్షరాలు, 1930లలో వాడుకలోకి వచ్చిన ప్లస్ గాడి స్క్రూలు, అలలు లేని చదునైన కిటికీ అద్దం... ఇవి మనకి తెలియకుండానే ఫ్రేమ్‌లోకి దూరిపోతాయి. నేడు వాడే ఫ్లోట్ గ్లాస్ 1950ల నాటిది. అంతకుముందు మామూలు ఇళ్ల కిటికీ అద్దంలోంచి చూస్తే బయటి దృశ్యం కాస్త వంకరపోయేది.

ఏజింగ్‌లోనూ, అంటే కొత్తగా కట్టినదాన్ని వాడి పాతబడినట్టు చూపించడంలోనూ ఇదే లెక్క. మురికి మనిషి ఎక్కడ తాకితే అక్కడ పడుతుంది. తలుపు గడియ చుట్టూ చేతి జిడ్డు, దీపం పెట్టే చోట గోడ పైభాగాన మసి, కుర్చీ చేతుల చివర నున్నటి మెరుపు, గడప నడిమధ్య అరుగుదల. స్ప్రే గన్‌తో గోడంతా ఒకే తీరుగా మురికి కొడితే అది వాడిన ఇల్లులా ఉండదు.

అపోహ: గ్రాఫిక్స్ వచ్చాక సెట్ వేయనక్కర్లేదు.

నటుడు చెయ్యి వేసేది, తలుపు తీసి లోపలికి నడిచేది కట్టాల్సిందే. పై అంతస్తులు, దూరపు వీధి సీజీకి (కంప్యూటర్ గ్రాఫిక్స్‌కి) వదలొచ్చు. ఎక్కడ ఆపాలో డిజైనర్, వీఎఫ్ఎక్స్ (విజువల్ ఎఫెక్ట్స్) సూపర్‌వైజర్ ముందే కూర్చుని తేల్చుకోవాలి. సీజీలో వచ్చే భాగానికీ డ్రాయింగులు మా ఆర్ట్ డిపార్ట్‌మెంట్ నుంచే వెళ్లాలని నా గట్టి అభిప్రాయం. లేకపోతే ఒకే భవనం కింద ఒక కాలంలో, పైన ఇంకో కాలంలో ఉంటుంది.

అపోహ: చరిత్రకి అక్షరాలా కట్టుబడాలి.

పాత ఇళ్లలో చాలావాటికి గదులు ఇరుకు, గుమ్మాలు పొట్టి. అందులో కెమెరా, ట్రాలీ, లైట్లు, మనుషులు పట్టాలి. అందుకే గది కొలత కాస్త పెంచుతాం, ఒక గోడ ఊడదీసేలా కడతాం. తెలిసి మార్చడం డిజైన్, తెలియక మారిపోవడం తప్పు. వెలుతురు విషయంలో మాత్రం కెమెరామన్‌తో కలిసి టెస్ట్ చేయకుండా గోడకి రంగు ఓకే చేయొద్దు. కాంతి రంగుని కెల్విన్‌లలో కొలుస్తారు, అంకె తగ్గేకొద్దీ పసుపు పెరుగుతుంది. కొవ్వొత్తి కాంతి 1,900 కెల్విన్‌కి దగ్గర్లో ఉంటుంది. ఆ పసుపు వెలుతురులో పగలు చక్కగా కనిపించిన నీలం బూడిదరంగులా చచ్చిపోతుంది.

అపోహ: బొమ్మలు బాగా వేస్తే చాలు.

1939లో విడుదలైన హాలీవుడ్ సినిమా 'గాన్ విత్ ది విండ్'కి విలియం కామెరాన్ మెన్జీస్ సినిమా మొత్తం రూపురేఖల్ని ముందే గీసి పెట్టినప్పుడు ఆయన పని కోసమే ప్రొడక్షన్ డిజైనర్ అనే హోదా పుట్టింది. గీయడం దానిలో ఒక భాగమే. స్క్రిప్ట్‌ను సీన్ల వారీగా విడదీయడం, ఏ సీన్‌లో ఏది పగులుతుందో చూసి దానికి డూప్లికేట్లు చేయించడం, బడ్జెట్ పంచడం, వడ్రంగులు, పెయింటర్లు, ప్రాపర్టీ (సెట్ సామాను) వాళ్లు అందరినీ ఒకే కాలంలో నిలబెట్టడం అసలు పని. ఆర్కిటెక్చర్, ఫైన్ ఆర్ట్స్, నాటకరంగం, దేని నుంచైనా రావచ్చు. ప్లాన్ (పైనుంచి చూసిన నక్షా), ఎలివేషన్ (ఎదురుగా చూసిన గోడ రూపం) స్కేలుకి గీయడం మాత్రం వచ్చి తీరాలి. ఆ తర్వాత అసిస్టెంట్‌గా కొన్నేళ్లు తప్పదు.

అపోహ: పీరియాడిక్‌లోనే ఉంటే అవకాశాలు రావు.

ఇందులో కొంత నిజముంది. ఒకసారి ఆ ముద్ర పడితే ఇప్పటి కథలకి మనల్ని పిలవరు, ప్రాజెక్టుకీ ప్రాజెక్టుకీ మధ్య ఖాళీ వస్తుంది, ఇంటి ఖర్చుల టెన్షన్ ఉంటుంది. ప్రకటనలు, నాటకాలు, మ్యూజియం ప్రదర్శనలు చేస్తూ నెట్టుకొచ్చేవాళ్లు ఎక్కువ. ఆ ఖాళీలోనే దశాబ్దాల వారీగా తలుపులు, తాళాలు, స్విచ్‌లు, అక్షరాల తీరు సేకరించి, ఎక్కడ దొరికింది, ఏ ఏడాదిది అని పక్కన రాసి పెట్టుకోండి. పిలుపు వచ్చాక ప్రిపరేషన్‌కి ఇచ్చే వారాలు ఆ వెతుకులాటకి ఎప్పుడూ సరిపోవు.