రమకి దీర్ఘం పెట్టి రామ చేసినట్టు: యూనీయ మగవాడైపోయిన కథ

మళ్ళీ అదే గొడవ, చర్చిలో ఆడవాళ్ళు నాయకత్వం చేయొచ్చా అని. 2025 అక్టోబర్ 3న సారా ములాలీని కాంటర్‌బరీ ఆర్చిబిషప్‌గా ప్రకటించారు, ఇంగ్లండ్ చర్చికీ ప్రపంచ ఆంగ్లికన్లకీ పెద్దగా ఉండే ఆ కుర్చీకి ఒక ఆడమనిషి రావడం అదే మొదటిసారి. బిషప్ పదవి మగవాళ్ళకే అని బైబిల్ చెప్తోందనీ, ఆంగ్లికన్లలో ఎక్కువమంది నమ్మకం ఇదేననీ సంప్రదాయవాద ఆంగ్లికన్ల కూటమి గాఫ్‌కాన్ వాళ్ళు వెంటనే అభ్యంతరం పెట్టేశారు. అదే నెలలో ఇక అసలు ఆంగ్లికన్ కమ్యూనియన్ (ప్రపంచ ఆంగ్లికన్ చర్చిల కూటమి) మేమే అనేదాకా వెళ్ళిపోయారు. ఆ వేడి మన ఫోన్లలోకి కూడా వచ్చింది, "స్త్రీలు సంఘములలో మౌనముగా ఉండవలెను" అని 1 కొరింథి 14:34 ఫార్వర్డ్ చేసేవాళ్ళు ఒకవైపు, "మరి న్యాయాధిపతిగా ఉన్న దెబోరా సంగతేంటి" అనేవాళ్ళు ఇంకోవైపు.

హవ్వ దగ్గర్నుంచి మొదలుపెట్టి అందరికీ తెలిసినవన్నీ మళ్ళీ చెప్పను. ఈ మొత్తం తగాదాలో అసలు మలుపు నా లెక్కన 1927లో, జర్మనీలో, ఒక గ్రీకు పుస్తకం ముద్రణలో పడింది. మిగతావన్నీ దాని చుట్టూ తిరిగేవే.

రోమా 16:7 తీయండి. "నాకు బంధువులును నా తోడి ఖైదీలునైన అంద్రొనీకుకును, యూనీయకును వందనములు" అంటాడు పౌలు, వీళ్ళు అపొస్తలులలో (అంటే క్రీస్తు పేరున పంపబడిన మొదటి తరం నాయకుల్లో) ప్రసిద్ధికెక్కినవారు, నాకంటే ముందే క్రీస్తునందున్నవారు అని కూడా అంటాడు. ఇప్పుడు చెప్పండి, యూనీయ ఆడా మగా? మన తెలుగులో తెలీదు! బంధువులు, ఖైదీలు, వీరు... ఒక్క మాట కూడా పట్టివ్వదు, మన బహువచనంలో ఆడా మగా తేడా లేదు కదా. పైగా చివర్లో 'య' ఉండేసరికి వెంకయ్య, సుబ్బయ్య లాగా వినిపించి చాలామంది మగాయనే అనుకుని ఉండొచ్చు, అదే బైబిల్లో లూదియ, మరియ ఉన్నారన్న సంగతి మర్చిపోయి.

గ్రీకులో సంగతి వేరే. పాత చేతిరాత ప్రతుల్లో అన్నీ పెద్దక్షరాలే, మాటకీ మాటకీ మధ్య ఖాళీ లేదు, స్వరాన్ని ఎక్కడ ఒత్తి పలకాలో చెప్పే గీతలూ లేవు. ఈ పేరు ఆ వాక్యంలో 'యూనియన్' అనే రూపంలో ఉంటుంది (మన యూనియన్ కాదు లెండి). తర్వాతెప్పుడో గీతలు పెట్టడం మొదలయ్యాక, 'ని' మీద వాలుగీత పెడితే యూనియా అనే ఆవిడ, చివరి 'య' మీద వంపుగీత పెడితే యూనియాస్ అనే ఆయన. అక్షరాలు అవే. రమకి దీర్ఘం పెడితే రామ అయినట్టు, అంతే తేడా.

తొమ్మిదో శతాబ్దం తర్వాత గీతలతో రాసిన ప్రతుల్లో పెట్టింది ఆడపేరు గీతే. దానికంటే చాలా ముందే, నాలుగో శతాబ్దం చివర్లో, పేరున్న ప్రసంగీకుడు క్రిసొస్తొము ఈ వచనం మీద ప్రసంగం చేస్తూ అపొస్తలురాలు అనిపించుకుందంటే ఈ స్త్రీ ఎంత జ్ఞానవంతురాలో అని ఆశ్చర్యపోయాడు. ఆయన ఆడవాళ్ళని నెత్తిన పెట్టుకునే రకం ఏమీ కాదు, వేరే చోట్ల ఆయన రాసినవి చదివితే మీకే తెలుస్తుంది, అందుకే ఆ మాటకి బరువు ఎక్కువ. పైగా గ్రీకు ఆయన మాతృభాష. సుమారు 200 నాటి ఒక పపైరస్ ప్రతిలో ఈ పేరు 'యూలియా' అని ఉంది, అది తప్పే అనుకున్నా అదీ ఆడపేరే.

మొదటిసారి ఈవిడని మగవాడిగా రాసిన పెద్దమనిషి అని సాధారణంగా చెప్పేది రోమ్‌కి చెందిన గైల్స్ పేరు, 13వ శతాబ్దం చివర ఆయన. తర్వాత లూథర్ జర్మన్ బైబిల్లో కూడా మగవాడే. అయినా 1611 నాటి ఇంగ్లిష్ బైబిల్లో యూనియానే ఉంది, అంటే పోటీ ఇంకా నడుస్తోంది.

ఇక 1927. ఎబర్‌హార్డ్ నెస్లె అనే పండితుడు 1898లో మొదలుపెట్టిన గ్రీకు కొత్త నిబంధన ఉంది, సెమినరీల్లో గ్రీకు చదివేవాళ్ళ చేతుల్లో ఎక్కువగా ఉండేది అదే, వేరే భాషల్లోకి అనువదించేవాళ్ళు ముందేసుకునేది కూడా అదే. అందులో మొదట్నుంచీ ఆడపేరు గీతే ఉండేది. తండ్రి పోయాక కొడుకు ఎర్విన్ చేతికొచ్చింది, ఆయన వేసిన 13వ ఎడిషన్‌లో గీత మారిపోయింది, వంపుగీత వచ్చి కూర్చుంది. కొత్త ప్రతి ఏదైనా దొరికిందా అంటే లేదు. అపొస్తలుల్లో ప్రసిద్ధి అన్నాడంటే మగవాడే అయ్యుంటాడు అనే ఊహ ఒక్కటే దాని వెనకాల ఉన్నట్టు కనిపిస్తుంది. ఆ తర్వాత 1946లో అమెరికాలో వచ్చిన ఇంగ్లిష్ అనువాదం ఇంకో అడుగు ముందుకేసి గ్రీకులో లేని 'పురుషులు' అనే మాట కూడా చేర్చేసింది. ఒక తరం పాస్టర్లు, ప్రొఫెసర్లు అలాగే చదువుకుని బయటికొచ్చారు. వాళ్ళ తప్పేముంది, పుస్తకంలో అలా ఉంది!

దీన్ని కదిపింది వేదాంతం కాదు, సమాధి రాళ్ళు. ఆ కాలపు సామాజిక నేపథ్యం చదవడం అంటే ఏంటో దీంట్లో బాగా తెలుస్తుంది. రోమన్ కుటుంబాల్లో కూతురికి వేరే పేరు వెతికేవాళ్ళు కాదు, తండ్రి ఇంటిపేరునే ఆడపేరుగా మార్చి పెట్టేవాళ్ళు, జూలియస్ కూతురు జూలియా, క్లాడియస్ కూతురు క్లాడియా, యూనియస్ కూతురు యూనియా. ఆ ఇంట్లో దాసిగా ఉండి విడుదలైన ఆవిడకీ ఆ ఇంటిపేరే వచ్చేది. అందుకే రోమ్ నగరపు శాసనాల్లో ఈ పేరు పీటర్ లాంపె అనే పండితుడి లెక్కలో 250కి పైగా తేలింది. మరి యూనియాస్ అనే మగపేరు? ఒక్కటీ లేదు. యూనియానుస్ అనే పేరుకి ముద్దుపేరు అయ్యుండొచ్చు అన్నారు, అదీ ఎక్కడా దొరకలేదు. 1977లో బెర్నడెట్ బ్రూటెన్ అనే పండితురాలు ఈ లేని మనిషి గురించి గట్టిగా రాసింది, చివరికి 1998 ముద్రణలో నెస్లె పుస్తకం గీతని మళ్ళీ వెనక్కి మార్చింది. 71 ఏళ్ళు పట్టింది.

ఆడవాళ్ళ నాయకత్వం వద్దనే అవతలివాళ్ళ మాట కూడా చెప్పాలి. ఆడమనిషే అని వాళ్ళలో చాలామంది ఇప్పుడు ఒప్పుకుంటారు, కానీ "అపొస్తలులలో ప్రసిద్ధి" కాదు "అపొస్తలులకి బాగా తెలిసినవాళ్ళు" అని అర్థం అంటారు, 2001లో ఇద్దరు అమెరికన్ పండితులు ఈ వాదన పెట్టారు, అదే ఏడాది వచ్చిన ఒక ఇంగ్లిష్ బైబిల్ కూడా అలాగే రాసింది. గ్రీకు వ్యాకరణంలో అలా అసలు కుదరదని కాదు. కాకపోతే యూనియాస్ మగవాడుగా ఉన్నన్నాళ్ళూ ఈ అర్థం కోసం పెద్దగా ఎవరూ వెతకలేదు, ఆవిడ ఆడది అని తేలాక అవసరం వచ్చింది. అదొక్కటి గమనించండి.

అదే అధ్యాయం మొదట్లో ఫీబే ఉంది. కొరింథు ఓడరేవు కెంక్రేయలో "సంఘ పరిచారకురాలు". మనకి ఆ మాట వినగానే ఆసుపత్రి ఆయమ్మ గుర్తొస్తుంది, కానీ ఫిలిప్పీ 1:1లో అధ్యక్షుల పక్కన నిలబెట్టిన "పరిచారకులు" అన్న మాట గ్రీకులో ఇదే, మన తెలుగు బైబిల్ ఇక్కడ రెండు చోట్లా ఒకే మాట వాడి నిజాయితీగానే ఉంది. అసలు దెబ్బ తర్వాతి వచనంలో, ఆవిడ అనేకులకి, పౌలుకి "సహాయురాలు" అంటాం మనం, గ్రీకులో ఉన్నది 'ప్రోస్తాతిస్'. రోమన్ సమాజంలో డబ్బు, పలుకుబడి ఉన్నవాళ్ళు కిందివాళ్ళకి అండగా నిలబడేవాళ్ళు, కిందివాళ్ళు వాళ్ళకి గౌరవం ఇచ్చి చెప్పుకునేవాళ్ళు, ఊరంతా ఆ లెక్క మీదే నడిచేది. అలా అండగా నిలబడే ఆవిడకి వాడే మాట అది. అంటే గిన్నెలు కడిగిన సహాయం కాదు, పౌలే ఆవిడ నీడన ఉన్నాడన్నమాట. ఆవిడతో కలిపి ఆ అధ్యాయంలో పదిమంది ఆడవాళ్ళు కనపడతారు.

మరి మౌనం సంగతి? అదే కొరింథు పత్రిక 11:5లో ఆడవాళ్ళు సంఘంలో ప్రార్థన చేస్తూ, ప్రవచిస్తూ ఉన్నారు, తల మీద ముసుగు గురించే పేచీ. నోరు మూసుకుని ఎలా ప్రవచిస్తారో నాకైతే తెలీదు. 14:34, 35 వచనాలు కొన్ని పాశ్చాత్య ప్రతుల్లో 40వ వచనం తర్వాత ఉంటాయి, అంటే ప్రతులు రాసేవాళ్ళకి కూడా అవి ఎక్కడ కూర్చోవాలో సందేహం ఉండేది. "ఇంట తమ తమ భర్తల నడుగవలెను" అన్నదాన్ని బట్టి అక్కడ జరుగుతున్నది ప్రసంగం కాదు, మధ్యలో ప్రశ్నలు అడగడం అనిపిస్తుంది, అప్పట్లో సంఘం కూడేది ఎవరో ఒకరి ఇంట్లోనే కాబట్టి ఆ గోల ఊహించుకోవచ్చు. తలమీద ముసుగు విషయంలో కూడా, రోమన్ మగవాళ్ళు బలి ఇచ్చేటప్పుడు వస్త్రాన్ని తల మీదికి లాక్కునేవాళ్ళు, అలా కప్పుకున్న అగస్టస్ విగ్రహం కొరింథులోనే తవ్వకాల్లో దొరికింది. అక్కడ పౌలు మగవాళ్ళకి చెప్పింది కప్పుకోవద్దని. ఆ సగం వచనం ఎవరూ ఫార్వర్డ్ చేయరు.

మనకి ఇందులో సంబంధం ఏంటంటే, నంద్యాల. 2012 నవంబర్‌లో ఇంగ్లండ్ చర్చిలో ఆడవాళ్ళు బిషప్ అవ్వొచ్చా అని ఓటింగ్ పెడితే సామాన్య సభ్యుల సభలో ఆరు ఓట్ల తేడాతో పోయింది. తర్వాతి ఏడాది 2013 సెప్టెంబర్‌లో సీఎస్ఐ (చర్చ్ ఆఫ్ సౌత్ ఇండియా) వాళ్ళు పుష్పలలిత గారిని నంద్యాల డయాసిస్ బిషప్‌గా నియమించేశారు, సీఎస్ఐ మొత్తంలో మొదటి మహిళా బిషప్ ఆవిడే. ఇంగ్లండ్‌కి మొదటి మహిళా బిషప్ వచ్చింది 2015 జనవరిలో. అంటే ఇది ఇంగ్లండ్ నుంచి ఈమధ్యే దిగుమతైన ఫ్యాషన్ అనేవాళ్ళు తేదీలు చూసుకోవాలి. అసలు ఇంకా వెనక్కి వెళ్తే, మిషనరీ కాలంలో మగ ప్రసంగీకుడు గుమ్మం దాటలేని ఇళ్ళలోకి వెళ్ళి వాక్యం చెప్పింది బైబిల్ ఉమెన్ అని పిలిచిన మన ఆడవాళ్ళే. వాళ్ళని అప్పుడు మౌనంగా ఉండమని ఎవరూ అనలేదు.

నేను విన్నంతవరకు, రోమా పత్రికని ఆదివారాలు వరుసగా చెప్పుకుంటూ వచ్చే పాస్టర్లు 15వ అధ్యాయం అవ్వగానే ఆపేస్తారు. 16లో అన్నీ పేర్లే కదా అని.