సిపాయి మొర ఆలకించేదెవరు?

1806 మే నెలలో వేలూరు కోటలో కొందరు సిపాయిలు కొత్త తలపాగా పెట్టుకోబోమన్నారు. వాళ్లను చెన్నపట్నం సెయింట్ జార్జి కోటకు పంపారు. ఒక హిందువుకి, ఒక ముస్లింకి కొరడా దెబ్బలు కొట్టి కొలువులోంచి తీసేశారు. జులై 10న వేలూరు సిపాయిల తిరుగుబాటుతో భగ్గుమంది. ఆనాటి సిపాయిల్లో మనవాళ్లు తక్కువేం కాదు. ఉత్తరాదిన సిపాయిని పిలిచే 'తిలంగా' అన్న మాటే తెలుగు నేల నుంచి వెళ్లింది.

స్వరాజ్యం వచ్చాకా సైనిక కోర్టు (కోర్టు మార్షల్) వేసిన శిక్షపై జవానుకు అప్పీలు దక్కలేదు. కింది కోర్టులపై సుప్రీంకోర్టుకు అప్పీలు వినే అధికారం, హైకోర్టుకు అజమాయిషీ ఇచ్చే రాజ్యాంగంలోని 136, 227 అధికరణాలు సైనిక కోర్టులను మినహాయించాయి. మిగిలింది రిట్, అంటే హక్కుకు భంగం కలిగిందని పై కోర్టులో వేసే అర్జీ, ఒక్కటే. రిట్‌లో విచారణ పద్ధతి ప్రకారం జరిగిందా అని చూస్తారు తప్ప సాక్ష్యాన్ని మళ్లీ తూచరు. దొంగతనం చేసి జైలుకెళ్లినవాడికి పై కోర్టుంది, సరిహద్దు కాసినవాడికి లేదు. ఈ లోటు బాధాకరమని 1982లో పృథీపాల్ సింగ్ బేడీ కేసులో సుప్రీంకోర్టే అంది.

రంజిత్ ఠాకూర్ కేసు చదివితే ఆ లోటు ఎంతటిదో తెలుస్తుంది. ఆయన సిగ్నల్‌మన్, సైన్యంలో సమాచార విభాగపు జవాను. తనను వేధిస్తున్నారని కమాండింగ్ ఆఫీసర్‌ను దాటి పైవాళ్లకు అర్జీ పెట్టుకున్నందుకు 28 రోజుల శిక్ష పడింది. ఆ శిక్షలో ఉండగానే, 1985 మే 29 మధ్యాహ్నం మూడున్నరకి, అన్నం తినమంటే తినలేదు. అదే నేరం! మర్నాడే సమ్మరీ కోర్టు మార్షల్, అంటే క్లుప్తంగా తేల్చేసే సైనిక విచారణ, పెట్టి ఏడాది కఠిన కారాగారం వేశారు, ఉద్యోగమూ తీసేశారు. ఆయన ఎవరి మీద ఫిర్యాదు చేశాడో ఆ అధికారే ఆ కోర్టులో కూర్చున్నాడు. 1987లో సుప్రీంకోర్టు దాన్ని కొట్టేసింది. ముట్టని ఆ పళ్లెం నా కళ్ల ముందు నుంచి పోదు. సైన్యానికి క్రమశిక్షణ ప్రాణం, కాదనను. కానీ ఫిర్యాదుకు గురైనవాడే తీర్పరి అయితే దాన్ని క్రమశిక్షణ అనలేం.

1999లో చట్టాల మార్పులపై ప్రభుత్వానికి సలహా ఇచ్చే లా కమిషన్, జవాన్ల అప్పీళ్లు వినడానికి ట్రైబ్యునల్ కావాలంది. 2007లో చట్టం వచ్చింది, 2009లో సాయుధ బలగాల ట్రైబ్యునల్ పని మొదలెట్టింది. దాని చెన్నై బెంచి పరిధిలోనే ఆంధ్రప్రదేశ్, తెలంగాణ ఉన్నాయి. ఇక్కడ ఒక న్యాయమూర్తితో పాటు సైన్యంలో పెద్ద హోదాలో చేసినవారూ కూర్చుంటారు. కోర్టు మార్షల్ తీర్పు చట్టం ముందు నిలవకపోతే రద్దు చేయొచ్చు, శిక్ష తగ్గించొచ్చు, బెయిలూ ఇవ్వొచ్చు.

2015లో మరో చిక్కొచ్చి పడింది. ట్రైబ్యునల్ తీర్పుపై హైకోర్టుకు వెళ్లకూడదని సుప్రీంకోర్టు అంది. తన దగ్గరికి రావాలన్నా విస్తృత ప్రజా ప్రాధాన్యమున్న న్యాయాంశం ఉండాలి. శ్రీకాకుళం నుంచి వచ్చిన జవాను తండ్రికి చెన్నై సెంట్రల్‌లో దిగడం ఒక ఎత్తు, ఢిల్లీ వెళ్లి లాయర్ని పెట్టుకోవడం ఒక ఎత్తు. 2023 మార్చిలో పరశోత్తమ్ దాస్ కేసులో సుప్రీంకోర్టు ఆ మాట మార్చుకుంది. ఇప్పుడు ట్రైబ్యునల్‌లో ఓడిన తెలుగు జవాను అమరావతికో హైదరాబాద్‌కో వెళ్లి హైకోర్టులో రిట్ వేసుకోవచ్చు.