టీబీ చికిత్సలో అపోహలు - వాస్తవాలు: మందులు రాశాక మిగిలే పని

ఛాతీ వ్యాధుల వైద్యురాలిగా నేను చూసిన టీబీ రోగుల్లో మధ్యలో మందులు మానేసినవారు తక్కువేమీ కాదు. ఎందుకు మానేశారని కూర్చోబెట్టి అడిగితే, చాలాసార్లు మేము ముందే చెప్పవలసిన మాట ఒకటి బయటపడుతుంది.

అపోహ: దగ్గు తగ్గితే జబ్బు పోయినట్టే.

వాస్తవం: మందులకు లొంగే టీబీకి సాధారణంగా ఆరు నెలల చికిత్స ఉంటుంది. మొదటి రెండు నెలలు నాలుగు రకాల మందులు, తర్వాత నాలుగు నెలలు మూడు రకాలు. చురుగ్గా పెరిగే క్రిములు తొలి వారాల్లోనే చాలావరకు చస్తాయి. జ్వరం తగ్గుతుంది, ఆకలి పుడుతుంది. నెమ్మదిగా పెరుగుతూ దాగి ఉండే క్రిముల కోసమే మిగతా నెలలు. మధ్యలో ఆపితే జబ్బు తిరగబెట్టవచ్చు, మందులకు లొంగకుండా మొండికెత్తవచ్చు.

ఒక తాపీమేస్త్రీ రెండో నెలలో రావడం మానేశారు. ఫోను చేస్తే, "ఒళ్లు బాగానే ఉంది డాక్టరమ్మా, అక్కడికి వస్తే ఆ రోజు కూలి పోతుంది" అన్నారు. అది నిర్లక్ష్యం కాదు, ఇల్లు గడవాలన్న లెక్క. గద్దిస్తే ఆ లెక్క మారదు. మందులు వాళ్ల వీధి ఆశా కార్యకర్త దగ్గర ఉంచాం. పొద్దున్నే పనికి వెళ్తూ ఆమె గుమ్మం ముందు సైకిల్ ఆపి, మాత్రలు మింగి వెళ్లేవారు. ఆరు నెలలూ పూర్తి చేశారు.

అపోహ: మూత్రం ఎర్రగా వస్తోందంటే మందు పడలేదన్నమాట.

వాస్తవం: అది రిఫాంపిసిన్ మందు రంగు. చెమటకు, కన్నీళ్లకు కూడా ఆ రంగు రావచ్చు, హాని లేదు. ఈ సంగతి మొదటి రోజే చెప్పాలి. చెప్పకపోతే రక్తం పోతోందని హడలిపోయి మందులు పారేస్తారు. అయితే కళ్లు పచ్చబడినా, ఆగకుండా వాంతులైనా, చూపు మసకబారినా వెంటనే మా దగ్గరికి రావాలి.

అపోహ: రోగిని, కంచాన్ని వేరు పెట్టాలి.

వాస్తవం: టీబీ గాలి ద్వారా సోకుతుంది, కంచం ద్వారా కాదు. కిటికీలు తెరవండి, దగ్గేటప్పుడు నోటికి గుడ్డ అడ్డం పెట్టుకోమనండి. ఒకప్పుడు మదనపల్లె దగ్గరి ఆరోగ్యవరం వంటి శానటోరియాలకు, అంటే టీబీ రోగులను నెలల తరబడి ఉంచుకునే ఆసుపత్రులకు, రోగులు ఇల్లు వదిలి వెళ్లేవారు. 1956లో మద్రాసులో మొదలైన అధ్యయనం ఆ పద్ధతిని మార్చింది. ఇరుకు ఇళ్లలో ఉంటూ మందులు వాడినవారికీ శానటోరియంలో ఉన్నవారికీ దాదాపు ఒకేలా నయమైంది. ఇంట్లో ఉంచినందువల్ల కుటుంబ సభ్యులకు అదనపు ముప్పు కనిపించలేదు. కంచం వేరు చేసిన ఇంట్లో రోగి తిండి మానేయడం మాత్రం నేను కళ్లారా చూశాను.

అపోహ: ప్రైవేటులో చూపించుకుంటే ప్రభుత్వ సాయం రాదు.

వాస్తవం: వస్తుంది. టీబీ రోగుల వివరాలు నమోదు చేసే ప్రభుత్వ ఆన్‌లైన్ వ్యవస్థ నిక్షయ్‌లో పేరు నమోదు కావాలి. పోషణ కోసం ఇచ్చే సొమ్ము 2024 నవంబరు నుంచి నెలకు 1,000 రూపాయలు. నమోదు చేయించే బాధ్యత వైద్యులదే, మొహమాటపడకుండా అడగండి. ఇంట్లో పసిపిల్లలుంటే అదే రోజు చెప్పండి, వాళ్లను పరీక్షించి ముందుజాగ్రత్త మందులు మొదలుపెట్టాలి.